వేలు తియ్, మళ్లీ పెట్టు

గాజు కింద ఎర్రగా మిణుకుతాంది.
బొటనవేలు పెట్టినా.
"తియ్. తుడుచుకో. మళ్లీ పెట్టు."
పెట్టినా.
"గట్టిగ అదుము."
అదిమినా.
కంప్యూటరు ముందర పిల్లోడు, నా ఈడోడే,
నా చెయ్యి తిరగేసి చూసి
"ఏం పని చేస్తావు?" అన్నాడు.

ఎర్రగుంట్లలో పాలిషింగు, అన్నా.
నాపబండల మింద నీళ్లు కొట్టుకుంటా
నాలుగేండ్లు రుద్దినా.
రాయి నున్నగయింది.
నేనూ అయినా.

"ముద్ర పడల్యా.
పదైదు దినాలు పని మానుకో, కొబ్బరినూనె పూసుకో.
గీతలొచ్చినాక రా."
పదైదు దినాల కూలి ఎంతయితాదో
ఆ పిల్లోనికి చెప్పల్యా.
వెనకాల నలభైమంది ఉండారు,
అందరి చేతిలో ప్లాస్టిక్ కవరు,
కవరులో బతుకు, రెండు జిరాక్సులు.

నా కవరులో ముగ్గురుండారు.
రేషను కార్డులో దస్తగిరమ్మ.
బడి సర్టిఫికెట్టులో దస్తగిరి బీ.
ఆధారులో ఎవరో తొందరలో కొట్టినారు:
దస్తగిరి, పురుషుడు.
"తురకోళ్లా, మనోళ్లా?" కౌంటరులో ఆయమ్మ అడిగింది.
దూదేకులోళ్లం మేడం.
"అదేలే, యాదో ఒకటి చెప్పు."
మా జేజిని ఈ మాట ఎవరూ అడగల్యా.
పీర్ల పండక్కీ ఉగాదికీ
ఒకటే చీర కట్టిన మనిషి.

ఇంగా నాలుగో ఆమె కూడా ఉంది.
ఆమెను రాయచోటి ఏజెంటు కన్నాడు.
"ముప్పై నిండకపోతే కువైటుకు పంపరు పాపా" అని
ఫ్యాను కింద టీ తాగతా
పెన్నుతో నాకు తొమ్మిదేండ్లు పోసినాడు.
ఇరవైరెండు పోయి ముప్పైఒకటి వచ్చింది,
నొప్పుల్లేకుండా.
మా అక్క కాశింబీ నాకన్న చిన్నదైపాయె.
"అక్కా, కాళ్లు పట్టేదా?" అని నగింది ఆ రాత్రి.
నగి, అట్లే దుప్పటి కప్పుకొని
అటుపక్కకు తిరిగింది.

బస్సులో కొత్త పుట్టినదినం వల్లెవేస్తాన్నా.
కమలాపురం దాటేలోపల మూడుసార్లు తప్పింది.
నిద్దర్లో నిజం జారుతాదేమో అని
నాలిక పండ్లకింద పెట్టుకొని పడుకుంటాన్నా.
ఆ తొమ్మిదేండ్లు నేనేం చేసినా?
అడుగుతారంట. తడుముకోకుండా చెప్పాలంట.
ఆమెకు ఒక మొగుణ్ణి కుట్టినా,
నచ్చక విప్పేసినా.
ఒక బిడ్డనిచ్చినా.
దానికి జ్వరమొచ్చినట్టు కలొచ్చి
లేచి కూచున్నా, తెల్లారేదాకా.

పని మానేసిన పదోనాటికి
వేలి కొనన ఒక గీత తేలింది.
ఎండలోకి పట్టి చూసినా.
సుడి.
బండ పగిలినప్పుడు అంచున పొరలు కనపడ్తాయే, అట్ల.
ఇరవైరెండేండ్లకు నా వేలు నాకు తెలిసింది.
జేజికి చూపిస్తే
"అంతా మీ నాయన సుడే" అనింది.
ఆయన వేలు ఎప్పుడు చూసిందో యేమో.

మూడో తూరి పోతే పచ్చలైటు వెలిగింది.
"పడింది!" అన్నాడు పిల్లోడు, వాడే గెలిచినట్టు.
నా వేలు, ఆమె వయసు,
ఎర్ర ఇంకుతో దిద్దిన పేరు,
అన్నీ ఒకటే కాగితం మింద.
ఏడుపు రాల్యా. ఆకలైంది.
బస్టాండు కాడ రెండు మిరపకాయ బజ్జీలు తిని
నూనె చేతులు చున్నీకి తుడుచుకోబోయి ఆగినా,
గీతలు పోతాయేమో అని.

"ఏమనిరి మే?" జేజి అడిగింది.
పోలీసు వస్తాడంట జేజీ, వారంలోపల.
ముప్పైఒక్కేండ్ల ఆయమ్మ ఒకామె
ఈ ఇంట్లో ఉంటాదో లేదో చూసేదానికి.

సంగటి కెలుకుతా, తల ఎత్తకుండా అనింది:
"అంతలోకి ఆమె వస్తాదా మరి?"